నేసిన గుడ్డకు రంగు ఎక్కడిది?

(కోరుట్లలో చేసిన స్మారకోపన్యాసం పాఠం)



మన సారు హైస్కూల్లో తెలుగు చెప్పి రిటైరయ్యారు. సాయంత్రం పూట మాత్రం, నేర్చుకుంటానని ఎవరొచ్చినా, వాళ్ళ కులం ఏదని అడగకుండా కూర్చోబెట్టి తర్కసంగ్రహం చెప్పేవారు. ఆయన పేరున మాట్లాడమని మీరు పిలిచినప్పుడు, ఆ పుస్తకంలో ఆయన అన్నిటికంటే ఎక్కువసేపు ఆగే చోటునే తీసుకుందామనుకున్నాను. రకరకాల రంగుల నూలుతో నేసిన గుడ్డ ఒకటి ఉంది. ఆ గుడ్డ ఏ రంగు?

చిన్నపిల్లలు అడిగే ప్రశ్నలా వినిపిస్తుంది. కానీ ఈ దేశంలో తర్కశాస్త్రం వారైన నైయాయికులు, బౌద్ధులు, జైనులు దీనిమీద వెయ్యేళ్ళకు పైగా తలపడ్డారు. ఇందులో ఓడిపోతే తమ దర్శనమే నిలవదన్నంత పట్టుదలతో వాదించారు. అందరి చేతిలోనూ ఉన్న ఉదాహరణ ఒకటే: తంతువులు, పటం. మన భాషలో నూలు, గుడ్డ. ఇన్ని వందల ఏళ్ళు గుడ్డను చేతపట్టుకుని మాట్లాడినవాళ్ళు ఆ గుడ్డ నేసినవాణ్ణి ఒక్క మాట అడిగినట్టు ఆ గ్రంథాల్లో కనిపించదు. అడిగి ఉంటే ఈ వాదం ఇంకో దారిన నడిచేదని నా నమ్మకం. ఆ దారిని సిరిసిల్ల, జగిత్యాల, కోరుట్లల్లో ఉన్న మనం ఇప్పటికైనా పట్టుకోవచ్చు. ఈ రోజు చెప్పదలచింది అంతే.

ముందు అన్నంభట్టు ఏమన్నాడో చూద్దాం. ఆయన తెలుగువాడు, 17వ శతాబ్దం వాడు. తర్కసంగ్రహం పిల్లలకు సులువుగా అర్థం కావాలని రాశానని ఆయనే చెప్పుకున్నాడు. ఆ చిన్న పుస్తకం దేశమంతటా తర్కానికి మొదటి పాఠమైంది. దానికి దీపిక అనే వ్యాఖ్య కూడా తనే రాశాడు. లోకంలో ఉన్నదంతా 7 పదార్థాల కింద, గుణాలన్నీ 24 కింద సర్దాడు. ఆ 24లో మొదటిది రూపం. తర్కంలో రూపమంటే ఆకారం కాదు, రంగు. కంటికి మాత్రమే అందే గుణం అని దాని లక్షణం. అది ఏడు విధాలు: తెలుపు, నీలం, పసుపు, ఎరుపు, ఆకుపచ్చ, కపిశం అనే మట్టివన్నె, ఏడోది చిత్రం. మట్టికి సంబంధించిన వస్తువుల్లో ఏడూ ఉంటాయి. నీటిలో మెరవని తెలుపు, నిప్పులో మెరిసే తెలుపు ఉంటాయి.

ఏడు అనగానే మనవాళ్ళు కొందరు ఇంద్రధనుస్సు దగ్గరికి పరుగెడతారు. న్యూటన్ 1704లో అచ్చువేసిన ఆప్టిక్స్‌లో ఏడే చెప్పాడు, మనవాళ్ళూ ఏడే చెప్పారు అని సంబరపడతారు. ఆ సంబరం వద్దు. న్యూటన్ వెలుతురును విడదీశాడు. అన్నంభట్టు వస్తువు దగ్గర నిలబడి, దానిలో ఏ గుణం ఉందని అడిగాడు. అన్నంభట్టు ఏడో రంగు ఏ ఇంద్రధనుస్సులోనూ దొరకదు. దాని గొప్పతనం అందులోనే ఉంది.

ఎర్ర చారలు, తెల్ల చారలు ఉన్న తువ్వాల ఒకటి అనుకోండి. దీపికలో వాదం ఇలా సాగుతుంది. ఎదుటివాడు అంటాడు: ఇక్కడ కొంత ఎరుపు, అక్కడ కొంత తెలుపు ఉన్నాయి, వాటి గుంపునే చిత్రం అంటున్నావు, వేరే రంగెందుకు? అన్నంభట్టు జవాబు: కుదరదు. రంగు ఉంటే వస్తువంతా వ్యాపించి ఉండాలి, మూలన కొంచెం ఉండి మిగతా చోట లేకపోవడం రంగుకు స్వభావం కాదు. ఎదుటివాడు వదలడు. సరే, తువ్వాలకు రంగే లేదనుకుందాం, మనకు కనబడేది పోగుల రంగే అంటాడు. అప్పుడు అన్నంభట్టు అసలు దెబ్బ కొడతాడు. రంగు లేని వస్తువు కంటికి కనబడదు. తువ్వాలకు రంగు లేకపోతే తువ్వాల కనబడకూడదు. కనబడుతోంది కదా! కాబట్టి దానికి రంగుంది. అది ఎరుపు కాదు, తెలుపు కాదు, తువ్వాలంతా పరుచుకున్న ఒక్క రంగు. దాని పేరు చిత్రం.

ఇంత పట్టు ఎందుకంటే, అన్నంభట్టు లాంటి నైయాయికుడి ప్రాణం అవయవిలో, అంటే భాగాలు కలిసి ఏర్పడే మొత్తంలో, ఉంది. పోగులు వేరు, గుడ్డ వేరు అంటాడాయన. పోగులు కలిసినప్పుడు అంతకు ముందు లేని కొత్త వస్తువు పుడుతుంది. దానికి తన సొంత గుణాలుంటాయి. కుండ, చెట్టు, ఇల్లు, అన్నీ అంతే. గుడ్డకు సొంత రంగు లేదని ఒప్పుకుంటే ఆ సొంత ఉనికి సడలిపోతుంది. ఇక మిగిలేది పోగులు, పోగుల్లో పీచు, పీచులో పరమాణువులు.

సరిగ్గా అక్కడికే తీసుకుపోవాలని బౌద్ధుడి పంతం. బౌద్ధ తర్కానికి మూలపురుషుడైన దిఙ్నాగుడు వేంగి దగ్గరి కొండమీద ఉండి తర్కగ్రంథం రాశాడని 7వ శతాబ్దంలో వచ్చిన హ్యూయాన్‌త్సాంగ్ రాసిపెట్టాడు. కాబట్టి ఈ వాదంలో రెండు పక్షాల అడుగులూ తెలుగు నేల మీద పడ్డాయి. దిఙ్నాగుడి బాటలో వచ్చిన ధర్మకీర్తి నైయాయికుణ్ణి నిలదీశాడు. అవయవి ఒక్కటే అయితే, ఒక మూల కదిలితే అంతా కదలాలి. ఒక మూల కప్పితే అంతా కప్పుకుపోవాలి. ఒక మూల ఎర్రనైతే అంతా ఎర్రనవ్వాలి. అలా జరగడం లేదు కనుక ఒక్కటి అనేది మన మనసు వేసుకున్న లెక్క. 11వ శతాబ్దంలో విక్రమశిలకు చెందిన రత్నకీర్తి చిత్రాద్వైత ప్రకాశవాదం అని ఏకంగా ఒక గ్రంథం రాశాడు. రంగురంగులుగా తోచే ఆ ఎరుక ఒక్కటే, విడదీయరానిది. బయట గుడ్డ కోసం వెతకొద్దు అన్నాడు.

జైనుల మాట మన గడప దగ్గరే వినిపించింది. ఈ సంగతి మన పాఠ్యపుస్తకాల్లో చేరాలి. వేములవాడ చాళుక్యుల ఏలుబడిలో జైన పండితుడైన సోమదేవసూరి తన యశస్తిలకాన్ని 959లో గంగాధరలో పూర్తి చేశాడు. కరీంనగర్ నుంచి జగిత్యాలకు వచ్చే బస్సు ఎక్కితే దాటే గంగాధర అదే. వేములవాడ ఇప్పుడు రాజన్న సిరిసిల్ల జిల్లాలో ఉంది. జైన తార్కికులకు రంగురంగుల వస్తువు ఎంతో ఇష్టమైన ఉదాహరణ. ఒకటి అన్నదీ నిజమే, అనేకం అన్నదీ నిజమే, ఏ దృష్టితో చూశావో చెప్పి మాట్లాడు అంటారు వాళ్ళు. ఇది మధ్యవర్తి మాటలా తోస్తుంది గాని, నిజానికి ఇద్దరి కంటే కష్టమైన పని పెడుతుంది. ఎక్కణ్ణుంచి చూస్తున్నావో చెప్పకుండా రంగు గురించి నోరెత్తడానికి వీల్లేదు. ఈ మాట కాసేపు గుర్తుంచుకోండి.

నైయాయికుల్లోనే తిరుగుబాటు వచ్చింది. 16వ శతాబ్దంలో నవద్వీపానికి చెందిన రఘునాథ శిరోమణి, పదార్థతత్త్వనిరూపణంలో, చిత్రం అనే ఏడో రంగు అక్కర్లేదు పొమ్మన్నాడు. రంగు వస్తువులో కొంత మేరనే ఉంటే వచ్చిన నష్టమేమిటని అడిగాడు. ఆ తరువాత వచ్చిన అన్నంభట్టు పాత పక్షాన్నే నిలబెట్టాడు.

శాస్త్రం ఇక్కడితో ఆగుతుంది. ఇప్పుడు మగ్గం దగ్గరికి వద్దాం.

వీళ్ళంతా చిత్రపటం అన్నప్పుడు ఒకే రకం గుడ్డను ఊహించుకున్నారు. నేసేవాడికి అది ఒకటి కాదు. మొదటిది చారల తువ్వాల, గళ్ళ లుంగీ. పడుగులో కొన్ని ఎర్ర పోగులు, కొన్ని తెల్ల పోగులు పెట్టి ఆసు పోస్తే చార వస్తుంది. పేకలో కూడా నాడె మార్చుకుంటూ పోతే గడి వస్తుంది. ఇక్కడ రఘునాథుడి మాట హాయిగా సరిపోతుంది. ఎరుపు ఎంతవరకో, తెలుపు ఎక్కణ్ణుంచో వేలు పెట్టి చూపించవచ్చు.

రెండోది పోచంపల్లి తరహా చిటికి పని. అక్కడ నూలును కట్టు కట్టి, రంగులో ముంచి, కట్టు విప్పి, మళ్ళీ కట్టి ముంచి, ఆ తరువాత నేస్తారు. ఒకే పోగు ఇక్కడ ఎరుపు, జానెడు అవతల తెలుపు. అంటే గుడ్డ పుట్టకముందే పోగు చిత్రమైంది. పోగుల రంగు నుంచి గుడ్డ రంగు పుడుతుందనేవాళ్ళు ఇక్కడ ఒక మెట్టు కిందికి దిగి, పోగుకు రంగెక్కడిదని మొదలుపెట్టాలి.

మూడోది నెమలికంఠం. దుకాణంలో షాట్ కలర్ అంటారు. పడుగు ఒక రంగు, పేక ఇంకో రంగు. నీలి పడుగులో ఆకుపచ్చ పేక కొడితే ఆ గుడ్డ నీలమూ కాదు, ఆకుపచ్చా కాదు. మడత పెడితే మడత మీద ఒక వన్నె, లోయలో ఇంకో వన్నె. పడుగు పోగులు నిలువుగా, పేక పోగులు అడ్డంగా ఉండటం వల్ల, ఒక్కో కోణంలో ఒక్కో వరస ఎక్కువ వెలుతురును మన వైపు తిప్పుతుంది. దూరానికి కన్ను పోగును పోగుగా విడదీయలేదు. అందుకని రెండూ కలిసి మూడో వన్నెగా తోస్తాయి.

ఈ గుడ్డ ముందు రఘునాథుడు ఇబ్బంది పడతాడు. నీలం ఇక్కడ, ఆకుపచ్చ అక్కడ అని చూపించడానికి వేలు పట్టే చోటు లేదు. అన్నంభట్టు సంతోషిస్తాడు, గుడ్డంతా పరుచుకున్న ఒక్క వన్నె దొరికింది కదా. కానీ అది మడతతో మారుతోంది, గుడ్డ మాత్రం మారలేదు. బౌద్ధుడు నవ్వుతాడు, అంతా నీ మనసులోదే అంటాడు. అదీ నిలవదు. ఏ పడుగు మీద ఏ పేక కొడితే ఏ వన్నె వస్తుందో, నాడె వేయకముందే చెప్పగల నేతగాళ్ళున్నారు. మనసులో మాత్రమే పుట్టే దాన్ని మగ్గం మీద ముందుగా లెక్కగట్టి, అడిగినన్ని గజాలు నేయలేరు. ఇక మిగిలింది జైనుడి నియమం: ఎక్కణ్ణుంచి చూస్తున్నావో చెప్పు. నెమలికంఠానికి ఆ నియమం అక్షరాలా వర్తిస్తుంది.

ఇప్పుడు నా అభ్యంతరం చెబుతాను. తర్కసంగ్రహంలో కారణాలు మూడు విధాలు. గుడ్డకు సమవాయి కారణం నూలు. అసమవాయి కారణం నూలుపోగుల సంయోగం, అంటే ఒకదానితో ఒకటి కలిసిన తీరు. నిమిత్త కారణం నాడె, మగ్గం వగైరా. గుడ్డ రంగు దగ్గరికొచ్చేసరికి మాత్రం అన్నంభట్టు, అసమవాయి కారణం పోగుల రంగు అని చెప్పి ఊరుకున్నాడు. సంయోగం గుడ్డకు కారణమైంది గాని, గుడ్డ రంగుకు కారణాల్లో చేరలేదు. నా ప్రశ్న ఇది. అవే నీలి కండెలు, అవే ఆకుపచ్చ కండెలు, తూకం కూడా సమానమే అనుకోండి. ఒకడు చారలు నేశాడు, ఒకడు గళ్ళు నేశాడు, ఒకడు నెమలికంఠం నేశాడు. పోగుల రంగు మూడింటిలోనూ ఒకటే. మూడు గుడ్డల రంగూ వేరు. కార్యం మారింది, చెప్పిన కారణం మారలేదు. అయితే చెప్పని కారణం ఒకటి ఉండాలి. అది పోగుల కలయిక, పడుగు మీద పేక ఎక్కే దిగే వరస. రంగుకు కూడా నేతే కారణం. అన్నంభట్టు సొంత పద్ధతిలోనే, ఆయన నేర్పిన తర్కంతోనే, ఈ మాట చెప్పవచ్చు. ఆయన్ను కాదనడానికి కాదు, ఆయన కట్టిన ఇంటికి ఒక గది వేయడానికే చెబుతున్నాను.

ఫ్రాన్సులో ఇలాంటి సంగతే రంగుల కార్ఖానాలో బయటపడింది. షెవ్రూల్ అనే రసాయన శాస్త్రవేత్తను 1824లో పారిస్‌లోని గోబెలాఁ నేత కార్ఖానాలో అద్దకం పనికి అధిపతిగా పెట్టారు. నల్ల నూలు సరిగా నల్లగా రావడం లేదని అక్కడ ఫిర్యాదు. పరీక్షిస్తే అద్దకంలో లోపం లేదు. నీలం, ఊదా పోగుల పక్కన పడేసరికి నలుపు వెలిసినట్టు తోస్తోంది. పక్కనున్న రంగును బట్టి రంగు మారుతుందనే ఆ సూత్రం మీద 1839లో పెద్ద పుస్తకం రాశాడు. యూరప్ చిత్రకారులు దాన్ని చదివి తమ కుంచె పట్టే తీరే మార్చుకున్నారు. నాకు నచ్చేది ఆయన వచ్చిన దారి. నేతగాళ్ళ ఫిర్యాదును అవివేకమని తోసిపుచ్చకుండా వెళ్ళి నూలు చూశాడు. మన తార్కికుల బుద్ధి ఆయనకంటే ఏమాత్రం తక్కువది కాదు. వాళ్ళకూ మగ్గానికీ మధ్య కులం అడ్డం కూర్చుంది. ఉదాహరణలో పటం ఉంది, పాఠశాలలో పటం నేసేవాడి కొడుక్కి చోటు లేదు. ఆ నష్టం నేతగాడికి జరిగినంత శాస్త్రానికీ జరిగింది. మన సారు సాయంత్రాల పాఠాలను నేను ఎందుకంత గౌరవిస్తానో ఇప్పుడు మీకు తెలిసి ఉంటుంది.

జగిత్యాల, కోరుట్ల రైతులకు ఈ వాదంలో తమ సొంత వాటా ఉంది. అది పసుపు. మాధవనిదానం అనే ఆయుర్వేద గ్రంథానికి విజయరక్షితుడు రాసిన మధుకోశ వ్యాఖ్యలో, దోషాలు కలిసే తీరు చెబుతూ రెండు ఉదాహరణలిచ్చారు. తెల్ల నూలు కలిస్తే తెల్ల గుడ్డ వస్తుంది, మెట్‌పల్లి ఖాదీలాగా. కార్యం కారణాన్ని పోలి ఉంటుంది. పసుపూ సున్నమూ కలిస్తే ఎరుపు వస్తుంది. రెండింటిలోనూ లేని గుణం కొత్తగా పుట్టింది. పెళ్ళిలో ఎర్రనీళ్ళు దిష్టి తీసిన ప్రతి ఇంట్లోనూ ఈ ప్రయోగం జరిగింది. చార్వాకుడు కూడా తమలపాకు, వక్క, సున్నం నమిలితే వచ్చే ఎరుపును చూపించి, భూతాలు కలిస్తే చైతన్యం అలాగే పుడుతుంది, ఆత్మ అక్కర్లేదని వాదించాడు. ఒక రంగు మార్పు ఎంత దూరం పోయిందో చూడండి.

ఈ రెండు ఉదాహరణల మధ్య నెమలికంఠాన్ని పెట్టి చూడాలి. తెల్ల నూలు గుడ్డలో కొత్త రంగు లేదు. ఎర్రనీళ్ళలో కొత్త రంగు ఉంది, పసుపుకే మార్పు జరిగింది. నెమలికంఠంలో కొత్త వన్నె ఉంది, కానీ పోగు పీకితే నీలం నీలంగానే, పచ్చ పచ్చగానే చేతికొస్తుంది. ఏమీ మారకుండా కొత్తది పుట్టింది. పాతవాళ్ళు వేసిన రెండు గళ్ళలో ఇది ఇమడదు. మూడో గడి గీయాలి. ఇంకో చిక్కు కూడా ఉంది. ఎర్రనీళ్ళలో నిమ్మకాయ పిండండి, పసుపు తిరిగొస్తుంది. పసుపులోని కర్‌క్యుమిన్ క్షారంలో ఎర్రబడి ఆమ్లంలో మళ్ళీ పసుపుపచ్చగా మారుతుందని రసాయన శాస్త్రం వివరిస్తుంది. రంగు మార్పు మీద తార్కికులూ వాదించుకున్నారు. వేడితో మట్టి వస్తువుల రంగు మారడాన్ని వాళ్ళు పాకం అన్నారు. కుండ కాలేటప్పుడు పరమాణువుల దాకా విడిపోయి మళ్ళీ కుండగా కూడుతుందని వైశేషికులు, కుండ కుండగా ఉండగానే రంగు మారుతుందని నైయాయికులు తగువు పడ్డారు. పసుపు కొమ్ములు ఉడకబెట్టే బాన దగ్గర నిలబడ్డ రైతుకు తెలుసు, ఉడికాక కొమ్ము విరిస్తే లోపలంతా రంగు సమంగా పరుచుకుని ఉంటుంది, కొమ్ము మాత్రం ఎక్కడా విడిపోదు. ఈ విషయంలో నా ఓటు నైయాయికులకే.

సిరిసిల్ల సంగతికి వస్తాను, ఎందుకంటే రంగు కూడుకు సంబంధించినది కూడా. మానేరు ఒడ్డున చేతిమగ్గాలు పోయి సాంచాలు, అంటే మరమగ్గాలు, వచ్చాక, వాటిమీద ఎక్కువగా నడిచింది రంగు లేని గ్రే గుడ్డ. పాలిస్టర్ పడుగు, పాలిస్టర్ పేక, మీటర్లకు మీటర్లు. రంగు వేరే ఊళ్ళో పడుతుంది. రంగుతోపాటు వచ్చే ధర కూడా ఆ ఊళ్ళోనే ఆగిపోతుంది. తర్కంలో ఒక పక్షం ఉంది: అద్దిన గుడ్డలో కనిపించే ఎరుపు రంగుద్రవ్యానిది, గుడ్డది కాదు అని. బజారు ఆ పక్షం పట్టింది. రంగు అద్దినవాడిది, గుడ్డ నేసినవాడికి మీటరు కూలీ. 2017లో ప్రభుత్వం బతుకమ్మ చీరలు సిరిసిల్లలో నేయించడం మొదలుపెట్టాక సాంచాలకు పోగులను ఎత్తి దించే డాబీలు బిగించి అంచుల్లో నమూనాలు తీశారు. ఆ చీర మంచిదా కాదా అన్న రాజకీయం నాకు వద్దు. నాకు ముఖ్యమైంది, రంగు మళ్ళీ నేతలోకి వచ్చింది. పోగు ఎప్పుడు లేవాలో, ఎప్పుడు దిగాలో నిర్ణయించేవాడు రంగును కూడా నిర్ణయిస్తాడని చాలా మంది సాంచా కార్మికులు తమ చేతులతో చూశారు.

కాబట్టి ఒక పని అడుగుతున్నాను. జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల కాలేజీల్లో సంస్కృతం, తెలుగు, ఫిజిక్స్ చెప్పే వాళ్ళు ఏడాదికి ఒక వారం కలిసి కూర్చోండి. తర్కసంగ్రహంలోని రూపప్రకరణం, కారణప్రకరణం ఒక బల్లమీద పెట్టండి. పక్కన ఒకే రెండు రంగుల నూలుతో నేసిన చార, గడి, నెమలికంఠం పెట్టండి. ఆసు పోసేవాళ్ళనూ, నేసేవాళ్ళనూ, అద్దకం పనివాళ్ళనూ ఆ బల్ల దగ్గరే కూర్చోబెట్టండి, వాళ్ళు వచ్చిన రోజు కూలీ కట్టివ్వండి. వాళ్ళ నోట ఉన్న వన్నెల పేర్లు రాసుకోండి: చిలకపచ్చ, వంకాయరంగు, ఉల్లిపొర, పాలపిట్ట, ఇటుకరాయి, మిరపపండు. ఇవన్నీ అన్నంభట్టు ఏడింటిలో ఎక్కడ కూర్చుంటాయో పిల్లల చేత వాదింపజేయండి. ఆ వాదాన్ని తెలుగులో అచ్చు వేయండి. మొదటి సంచికకు నా వ్యాసం ఇస్తాను, నన్ను ఖండించే వ్యాసం నేతింటి పిల్లలెవరైనా రాస్తే దాన్ని ముందు వేయండి.

ఇక మీ ప్రశ్నలు వింటాను.